పేర్లు పోయేదాకా లేవకండి

అసలు ముగింపును దాచిపెట్టి, దాని ముందు ఎవరెవరివో పేర్లు అరగంటసేపు పారించే వీడియోగేమ్ కంపెనీలవాళ్ళకు గుడి కట్టాలని నా ప్రతిపాదన! గుడి కుదరకపోతే కనీసం కరీంనగర్ బస్టాండు ఎదురుగా ఒక విగ్రహమైనా పెట్టాలి. నవ్వకండి. నేను చాలా సీరియస్‌గా రాస్తున్నాను.

వీడియోగేమ్ అంటే పిల్లలు తుపాకులతో ఢాంఢాం అని కాల్చుకునేదే అనుకునే పెద్దల కోసం రెండు ముక్కలు చెబుతాను. ఇప్పుడు కథలున్న గేములు వస్తున్నాయి. వాటిలో తల్లి ఉంటుంది, పగ ఉంటుంది, కావలసినంత ఏడుపూ ఉంటుంది. సీరియల్‌కూ వీటికీ తేడా ఒక్కటే, ఇందులో హీరో మనం నడిపితేనే నడుస్తాడు. చివరికి కథ అయిపోతుంది, తెర నల్లబడుతుంది, పని చేసినవాళ్ళ పేర్లు కింది నుంచి పైకి పాకడం మొదలవుతుంది. లోకమంతా అక్కడే లేచిపోతుంది. కానీ ఆ పేర్లన్నీ పోయేదాకా కదలకుండా కూర్చున్నవాడికి మాత్రం ఇంకొక చిన్న సీను కనిపిస్తుంది. మధ్యలో 'స్కిప్' నొక్కారా, అది దక్కదు!

ఎంత గొప్ప ఏర్పాటు! మనుషులకు ఓపిక నేర్పే బడి ఈ దేశంలో ఇంకొకటి ఉంటే చూపించండి.

సాక్ష్యం కావాలా? మా మేనల్లుడు ఆకాశ్ ఉన్నాడు. కరీంనగర్‌లో ఇళ్ళ ప్లాన్లు గీసే ఇంజనీరు. పెళ్ళీడు వచ్చింది, నెమ్మదిగా దాటుతోంది కూడా. బుద్ధిమంతుడే, కాకపోతే ఓపిక అనేది వాడి జాతకంలో ఏ గడిలోనూ లేదు. పెరుగు వడ్డించకముందే చెయ్యి కడుగుతాడు. ఎవరి పెళ్ళికైనా పోతే తలంబ్రాలు పడకముందే బండి తాళం వెతుకుతాడు. ఫోన్‌లో అవతలివాళ్ళు "సరే మరి" అనేలోపే పెట్టేస్తాడు. వాడికి వచ్చిన సంబంధాలు ఎందుకు తప్పిపోయాయనుకున్నారు? పిల్ల చాయ్ కప్పు చేతికివ్వగానే ఒక్క గుటకలో తాగేసి, "పోదమా బాపు?" అని తండ్రిని తొందరపెట్టినందుకు!

అటువంటివాడు పోయిన వానాకాలమంతా ఒక గేమ్ ఆడాడు. తప్పిపోయిన చెల్లెలి కోసం ఒక అన్న ఊళ్ళు పట్టి తిరిగే కథ. చివరికి ఒక రాక్షసుణ్ణి చంపి నది ఒడ్డుకు చేరేసరికి, చెల్లెలు ఎక్కిన పడవ మునిగిపోయి ఉంటుంది. అంతే, తెర నలుపు. ఆకాశ్ టీవీ కట్టేసి, అన్నం మానేసి, గోడ వైపు తిరిగి పడుకున్నాడు.

"ఎవలు పోయిండ్రురా?" అని మా అక్క ప్రమోదిని హడలిపోయింది.

"చెల్లె."

ఆ ఇంట్లో చెల్లె అంటే ఒక్కతే, నిజామాబాద్‌లో కాపురం చేసుకుంటున్న మధులిక. మా అక్క వెంటనే ఫోన్ చేసింది. ఎత్తింది సాక్షాత్తూ మధులికే! సంగతంతా విని, పొట్ట పట్టుకుని నవ్వి, ఫోన్ అన్నకిమ్మంది. అదే గేమ్‌ను వాడికంటే ముందే ముగించిన మనిషి తను.

"అన్నా, పేర్లు పోయినంక చూసినవా?"

"ఎందుకు చూస్త? బంద్ చేసిన."

"పిచ్చోడా! అసలు ముచ్చట గాడనే ఉన్నది. మళ్ళ ఆడు."

ఆదివారం పొద్దున ఆకాశ్ ఆ రాక్షసుణ్ణి మళ్ళీ చంపాడు. పేర్లు మొదలయ్యాయి. వాడు చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని, ఫోన్‌లో క్రికెట్ రీల్స్ చూస్తూ, అప్పుడప్పుడు మాత్రం తలెత్తి పేర్లు అయిపోయాయేమో చూస్తున్నాడు.

అప్పుడే వార్తల కోసం మా బావ వెంకటేశ్వర్‌రావు హాల్లోకి వచ్చాడు. ఆయన గురించి కొంచెం చెప్పాలి. ఎదుటి మనిషి పేరు వింటే చాలు, ఇంటిపేరేమిటి, ఊరేది, మేనమామలది ఏ ఊరు అని అడగనిదే మంచినీళ్ళు ముట్టడు. ఆయన చుట్టరికాలు చెప్పడం మొదలుపెడితే అది కూడా కింది నుంచి పైకి పాకే పేర్ల పట్టికే. దానికి స్కిప్ బటన్ లేదు, ముప్పై ఏళ్ళుగా మా అక్క వెతుకుతూనే ఉంది.

మా బావ కళ్ళద్దాలు పెట్టుకుని తెరకు దగ్గరగా కూర్చున్నాడు. "గీళ్ళంత ఎవలురా? తకాహాషి అంటె ఇంటిపేరా, అసలు పేరా?" అని ఒక్కొక్క పేరే పైకి చదువుతూ పోయాడు. పట్టిక జపాన్ దాటింది, పోలెండ్ దాటింది. ఉన్నట్టుండి ఆయన లేచి నిలబడ్డాడు.

"రచనా రావు, ఎన్! అరే, మనోళ్ళ పిల్ల లెక్క ఉన్నదిరా! ఎన్ అంటె ఏ ఎన్? నేరెళ్ళోళ్ళా, నగునూరోళ్ళా? కనుక్కోవాల్నా వద్దా?"

"ఊఁ," అన్నాడు ఆకాశ్ ఫోన్‌లోంచి తలెత్తకుండా.

మన ఇళ్ళల్లో పెళ్ళీడు కొడుకు ఊఁ అంటే అది శాసనం. మా బావ తర్వాతి పేరు కోసం కూడా ఆగకుండా, తన ఫోన్ వెతుక్కుంటూ లోపలికి పరుగెత్తాడు.

పేర్లు అయిపోయాక ఆ రహస్య సీను వచ్చింది. వాన. ఒక ఇంటి తలుపు. గడప దగ్గర తడిసిన ఆడపిల్ల చెప్పులు, ఒకదాని పట్టీ తెగితే పిన్నీసు పెట్టి ఉంది. అవి చెల్లెలి చెప్పులు! బతికే ఉంది! ఆకాశ్ ఇయర్‌ఫోన్లు పీకేసి, చిన్నపిల్లవాడిలా ఏడ్చి, కడుపు నిండా తిన్నాడు. పెరుగు కూడా వేసుకున్నాడు!

పాఠకులారా, ఇక్కడి నుంచి ఆ కుర్రవాడి జీవితమే మారిపోయింది. ఏది అయిపోయినా దాని వెనక ఇంకేదో ఉందని నమ్మకం కుదిరింది. చొప్పదండిలో ఒక పెళ్ళికి పోయి, అందరూ లేచినా లేవలేదు. టెంటువాళ్ళు పక్క కుర్చీలు మడతపెడుతున్నా లేవలేదు. చివరికి వంటవాళ్ళు తమ కోసం దాచుకున్న గిన్నె బయటికి తీశారు. బగారన్నం, అడుగున నూనె తేలిన మటన్ ముక్కలు! మొదటి పంక్తిలో తిన్న పెద్దమనుషులకు అటువంటి ముక్క కలలో కూడా రాలేదు.

ఇంకొకసారి ఒకానొక ఆఫీసులో గుమాస్తా "రేపు రా" అన్నాడు. మనమైతే ఏం చేస్తాం? ఇంటికి పోయి ఆ ఆఫీసును తిడతాం. ఆకాశ్ అక్కడే బల్ల మీద కూర్చున్నాడు. గుమాస్తా భోజనానికి పోయి వచ్చాడు, వీడు అక్కడే ఉన్నాడు. చాయ్‌కి పోయి వచ్చాడు, వీడు అక్కడే ఉన్నాడు. చివరికి ఆ మనిషి జడుసుకుని, రేపు దొరకవలసిన ఫైలును ఈరోజే సొరుగులోంచి తీసి సంతకం చేసిచ్చాడు. "రేపు రా" అనేది ముగింపు కాదు, తెర నల్లబడటం మాత్రమే! ఈ జ్ఞానం మనకు ఏ గురువైనా చెప్పాడా?

ఈలోగా మా బావ కూడా ఊరుకోలేదు. ఆ పేరు పట్టుకుని చొప్పదండిలో తమ్ముడికి ఫోన్ చేశాడు. ఆయన ఇచ్చోడలో వియ్యంకుడికి చేశాడు. ఆ వియ్యంకుడి తోడల్లుడు కాగజ్‌నగర్‌లో సిమెంటు దుకాణం నడిపే విద్యాధర్‌రావును ఎరుగును. ఆయన కూతురే రచన. హైదరాబాద్‌లో గేములకు బొమ్మలు చేసే ఉద్యోగం, పెళ్ళి కాలేదు. పోలీసు కుక్కలు కూడా ఇంత త్వరగా తేల్చవు. "మీ అమ్మాయి పేరు మా టీవీల చదివినం" అని మా బావ ఫోన్ చేస్తే, అన్ని సంబంధాలనూ తిప్పికొడుతున్న ఆ అమ్మాయి దీనికి మాత్రం రమ్మందట.

పెద్దమనిషి హోదాలో కారు వెనక సీట్లో, స్వీటు డబ్బా ఒళ్ళో పెట్టుకుని నేనూ కాగజ్‌నగర్ వెళ్ళాను. ఈ సంబంధం ఎక్కడి నుంచి వచ్చిందో మా అందరికీ తెలుసు. ఆకాశ్‌కే తెలియదని మాకు తెలియదు.

అక్కడ మర్యాదలన్నీ అయ్యాయి. మా బావ తమ ముత్తాత దగ్గర మొదలుపెట్టాడు. పిల్లలిద్దరినీ మాట్లాడుకొమ్మని డాబా మీదికి పంపించారు. ఆకాశ్ చాయ్‌ని గుటక గుటకగా తాగుతున్నాడు. ఆ అమ్మాయి వాడికి నచ్చింది. ఇదివరకు ప్రతి పెళ్ళిచూపుల్లోనూ వాడికి లేవబుద్ధయ్యేది, ఈసారి నిజంగా కాలేదు.

"గేములు ఆడుతరట గదా," అని ఆమే అడిగింది.

వాడికి ప్రాణం లేచొచ్చింది. నది, పడవ, వాన అన్నీ చెప్పాడు. చెప్పులు చూసి ఏడ్చిన సంగతి కూడా దాచలేదు. ఆమె ముఖం వెలిగిపోయింది.

"పేర్లన్ని పోయేదాక కూసున్నరా?"

"ఒక్క పేరు గూడ స్కిప్ చెయ్యలే!"

"మరి నా పేరు కింద ఎవరి పేరున్నది?"

"మీ పేరా?" అని నవ్వాడు ఆకాశ్. ఆమె నవ్వకపోవడం చూసి ఆపేశాడు.

"గా చెప్పులు నేనే చేసిన," అంది రచన, నాయనమ్మను తలుచుకుంటూ. "మా బాపమ్మ చెప్పులు గట్లనే ఉండేటియి. పట్టీ తెగితె పిన్నీసు పెట్టుకొని నడిచేది. ఆఖరి సీను మస్తున్నదని అందరు ఫోన్లు చేసిండ్రు. పేరు చూసినమన్నోళ్ళు ఒక్కలు లేరు. కరీంనగర్ల ఎవరో చదివిండ్రని బాపు చెప్తె, గది మీరే అనుకున్న. గందుకే రమ్మన్న."

ఇక్కడ ఒక చిన్న అబద్ధం చాలు, సంబంధం ఖాయం. మీరైతే ఆడేవారు. నేనైతే రెండు ఆడేవాణ్ణి. ఆకాశ్‌కు సిగ్గుతో చెవులు ఎర్రబడ్డాయి.

"చదివింది మా బాపు," అన్నాడు. "నేను ఫోన్ చూసుకుంట కూసున్న."

ఆమె కిందికి దిగి వచ్చి, మా బావ ఎదురుగా కూర్చుంది. ఆయన అప్పటికి ముత్తాత మూడో తమ్ముడి దగ్గర ఉన్నాడు, గదిలో సగంమంది ఆవలిస్తున్నారు. "మరి ఆయన కొడుకులు ఇప్పుడు ఎక్కడుంటరు అంకుల్?" అని అడిగింది. మా బావ పుట్టిన దగ్గర నుంచి ఆయన్ను ఆ ప్రశ్న అడిగినవాళ్ళు లేరు. పాపం, ఆయన కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు.

"ఫోన్ చేస్తం," అని ఒకరికొకరం చెప్పుకుని లేచాం. ఆ మాటకు అర్థం మీకు తెలుసు, ఆకాశ్‌కు ఇంకా బాగా తెలుసు. వాడు గేటు దగ్గర నిలబడిపోయాడు, కారెక్కితేనా! చివరికి ఆమే గేటు దాకా వచ్చింది.

"ఇంటికి పోయి పేర్లు చూడుండ్రి. నా పేరు కింద ఎవరున్నరో చెప్పుండ్రి. అప్పుడు మాట్లాడుదం."

కారులో కొడుకు అడిగితే మా బావ తల పట్టుకున్నాడు. "నీ ముందటనే చదివిన గదరా! నువ్వు ఊఁ అంటివి! కింది పేరు నేను చూడలే, ఫోన్ కొరకు ఉరికిన."

మర్నాడు పొద్దున్నే ఆకాశ్ టీవీ ముందు కూర్చున్నాడు. పాఠకులారా, నా గుడి ప్రతిపాదనను ఇక్కడే వెనక్కి తీసుకుంటున్నాను! పేర్లు దాటేయడానికి ఆ గేమ్‌లో బటన్ ఉంది. పేర్లు చూడటానికి లేదు! ఒక్క పేరు చూడాలంటే ఆ రాక్షసుణ్ణి మళ్ళీ మొదటి నుంచి చంపాలి. ఇదెక్కడి న్యాయం? చివర మిఠాయి పెడితే తప్ప చేసినవాళ్ళ పేర్ల ముందు మనం కూర్చోమని వాళ్ళకు తెలుసు. అందుకే పెట్టారు. మనం మిఠాయి కోసం కూర్చుంటాం, పేర్లొస్తుంటే ఫోన్ చూసుకుంటాం. చొప్పదండి పెళ్ళిలో అడుగు ముక్కలు తిన్నాడే మా వాడు, వండినవాడి పేరు అడిగాడా? వాడి దాకా ఎందుకు, ముందు పంక్తిలో కూర్చుని తిన్న నేను అడిగానా?

తొందరపడి ఆకాశ్ ఆటలో మాటిమాటికీ చచ్చాడు. మా బావ పక్కనే కూర్చుని "కొట్టుర కొట్టు!" అని అరిచాడు. చివరికి రాక్షసుడు పడ్డాడు. పేర్లు మొదలయ్యాయి. తండ్రీకొడుకులిద్దరూ ఒక్కటి విడవకుండా చదివారు. రచనా రావు, ఎన్. దాని కింద చిన్న అక్షరాల్లో, చెప్పులు ఇచ్చినందుకు కృతజ్ఞతలు, చంద్రవ్వ.

"చంద్రవ్వ ఎవలురా? ఏ ఊరు?"

"ఆమె బాపమ్మ," అన్నాడు ఆకాశ్. అప్పటికే రచనకు ఫోన్ కలిసింది. "చంద్రవ్వ" అని ఒక్క మాట చెప్పాడు. సరే అనేలోపే పెట్టేసే మా మేనల్లుడు, ఫోన్ చెవికి ఆనించుకుని అట్లాగే నిలబడ్డాడు.

"మీ బాపును మళ్ళ తోలుకరాండ్రి," అంది రచన చివరికి. "ఆయన ముచ్చట సగంల ఆగింది."

వెనక టీవీలో పేర్లు అయిపోయి రహస్య సీను వచ్చింది. వాన కురిసింది, తలుపు కనిపించింది. ఆకాశ్ ఫోన్ పట్టుకుని వాకిట్లోకి పోయాడు కాబట్టి చూడలేదు. చాయ్ కప్పులు తీయడానికి వచ్చిన మా అక్క మాత్రం ఆగి చూసింది.

"గా చెప్పులు ఎవలయి?"

"చంద్రవ్వయి," అన్నాడు మా బావ, ఆమెను చిన్నప్పటి నుంచి ఎరిగినవాడిలా.