పని జరుగుతోంది, ఎవరూ ముట్టరాదు

సంసారం సుఖంగా సాగాలంటే ఇంట్లో ఎప్పుడూ ఒక పెద్ద డౌన్‌లోడ్ నడుస్తూ ఉండాలి. పాటలూ ఫొటోలూ లాంటి చిల్లర సరుకు కాదు. ఇంటిల్లిపాదీ ఊపిరి బిగబట్టి రోజుల తరబడి ఎదురుచూడాల్సినంత పెద్ద గేము!

నవ్వకండి. అబ్బాయికి ఉద్యోగముందా, ఇల్లుందా అని ఆరా తీసే పెద్దలు, వాళ్ళింట్లో ఇంటర్నెట్ ఎంత నెమ్మదో కూడా అడిగి తెలుసుకోవాలని నా అభిప్రాయం. ఎంత నెమ్మదైతే అంత మంచి సంబంధం.

అనుభవం లేకుండా నేనేదీ రాయను. వారానికోసారి మీకిలా సలహాలిస్తాను, మిగతా రోజులు కళ్ళద్దాల షాపులో నిలబడతాను. “ఇప్పుడు కనిపిస్తోందా? ఇప్పుడో? ఇందాకటి అద్దం బాగుందా, ఈ అద్దమా?” అని సాయంత్రం దాకా అడగ్గా అడగ్గా, ఇంటికొచ్చేసరికి నాకే ఏదీ కనబడదు. కాళ్ళు నావి కావు. అందుకని సెలవు రోజు మధ్యాహ్నం అన్నం తిన్నాక ఒక్క గంట ఎవరూ లేపకుండా పడుకోవాలని నాకో చిరకాల కోరిక ఉంది. పెళ్ళయినప్పటినుంచీ అది కోరికగానే ఉంది. సరే, అది వేరే సంగతి. దాని గురించి ఇక్కడ మాట్లాడుకోవద్దు.

మా వారు లిఫ్టులు బాగుచేస్తారు. మధ్యలో ఇరుక్కుపోయినవాళ్ళని కిందికి దింపడం ఆయన వృత్తి. ఇంట్లో మా అత్తగారు, కాలేజీకి వెళ్ళే మా అమ్మాయి కూడా ఉన్నారు. ఇంటర్నెట్ కూడా ఉందని చెబుతారు.

ఒక రోజు పొద్దున్నే మా వారు కంప్యూటర్‌లో ఏదో గేమ్ డౌన్‌లోడ్ పెట్టి, దాని మానాన అది అవుతుందిలే అని పనికి వెళ్ళిపోయారు. ఎంత అమాయకత్వం! కన్నతల్లిని ఇన్నేళ్ళుగా చూస్తున్న మనిషి చేయాల్సిన పనేనా అది?

ఎందుకంటే మా అత్తగారికి ఒక నియమం ఉంది. మనిషి లేని గదిలో స్విచ్ వేసి ఉండకూడదు. లైటు గానీ ఫ్యాను గానీ ఇంకేదైనా గానీ, మనం గుమ్మం దాటి రెండో కాలు తీసేలోగా వెనకాల టప్‌మని చప్పుడు వినిపిస్తుంది. మీరు చీకట్లో ఉన్నారంటే మీరు ఆ గదిలో లేరని ఆవిడ తీర్మానించినట్టు లెక్క.

సాయంత్రం మా వారు వచ్చి నల్లటి తెర చూసి లబోదిబోమన్నారు. “ఎవరు ఆపారు దీన్ని?”

“నేనే ఆపాను. గదిలో నరపురుగు లేదు, అదేమో దేదీప్యమానంగా వెలుగుతోంది. ఎవరికోసంరా?”

“అమ్మా, అది డౌన్‌లోడ్! మనిషి లేకపోయినా దాని పని అది చేసుకుంటుంది.”

“చూసేవాడు లేకపోతే మనుషులే చెయ్యరు నాన్నా. అదేం చేస్తుంది, నీ పిచ్చిగానీ!”

ఆ మాటకి జవాబు చెప్పగల ఇంజనీరు ఇంకా పుట్టలేదు. పైగా ఈ జాతి డౌన్‌లోడ్ మధ్యలో ఆగిపోతే మళ్ళీ అ ఆల దగ్గర్నుంచి మొదలట. చివరికి తల్లీకొడుకుల మధ్య ఒప్పందం కుదిరింది. గదిలో ఎప్పుడూ ఎవరో ఒకరు ఉంటారు, స్విచ్ వేసి ఉంటుంది. మనిషి గది వదిలితే ఒప్పందం చెల్లదు.

చూశారా, వరం ఎలా మొదలైందో? మా ఇంట్లో ఒకరి కోసం ఇంకొకరు కూర్చోవడం అదే మొదటిసారి!

కానీ దేవుడు వరమిచ్చినా కంప్యూటర్ ఇవ్వదు కదా. మాది మా వారి ఆఫీసువాళ్ళు ముసలిదైపోయిందని వదిలించుకున్న కంప్యూటర్. కాసేపు ఎవరూ కదపకపోతే నిద్రలోకి జారుకుంటుంది. అది నిద్రపోతే డౌన్‌లోడ్ కూడా ముసుగుతన్నేస్తుంది. ఆ అలవాటు మాన్పించాలంటే పాస్‌వర్డ్ కావాలి. పాస్‌వర్డ్ తెలిసిన పెద్దమనిషి రిటైరై, ఫోన్ నంబర్ కూడా మార్చేశాడు. తెలివైనవాడు.

దాంతో గదిలో కూర్చున్నవాళ్ళు ఊరికే కూర్చుంటే కుదరదు, మధ్యమధ్యలో మౌస్‌ని ఊపుతూ ఉండాలి. మా అత్తగారు ఉయ్యాల ఊపినట్టు ఊపేవారు. ఏ ఉయ్యాలైనా నిద్రపుచ్చడానికి ఊపుతారు, నిద్ర రాకుండా ఊపడం ఇదే చూడటం అని ఆవిడ ఆశ్చర్యపోయేవారు. పాపం, ఊపి ఊపి ఆవిడకే నిద్ర పట్టేసేది.

అప్పుడు మా అమ్మాయి ఓ ఉపాయం చెప్పింది. ముల్లు తిరిగే గడియారం మీద మౌస్ పెడితే, ముల్లు కదిలినప్పుడల్లా ఎవరో చెయ్యి వేశారనుకుని కంప్యూటర్ మేలుకునే ఉంటుందట. ఇంట్లో ముల్లున్న చేతిగడియారం ఎవరికుంది? నాకే. మర్నాడు షాపుకి ఆలస్యంగా వెళ్ళాను. మేనేజరు మొహం ముడుచుకుని, “గడియారం లేదామ్మా?” అన్నాడు. “ఉంది సార్, డ్యూటీలో ఉంది” అన్నాను.

ఇక మా ఇల్లు మారిపోయిన తీరు చూడాలి! తలుపు వేస్తే పక్కింటి కిటికీ అదిరేలా వేసే మా వారు, ఇప్పుడు గుడ్డు కింద పెట్టినంత సుతారంగా వేస్తున్నారు. వీడియోలు చూస్తే డౌన్‌లోడ్ స్పీడ్ తగ్గుతుందని వాటిమీద నిషేధం పెట్టారు. దాంతో తోచక మా అమ్మాయి నాతో మాట్లాడటం మొదలుపెట్టింది. “అమ్మా, నువ్వు చెప్పుల షాపులో కదూ పనిచేసేది?” అని అడిగింది. ఇన్నాళ్ళూ పిల్ల చెప్పుల షాపనుకుందండీ! డౌన్‌లోడ్ లేకపోతే ఈ జన్మకి అడిగేదా?

కంప్యూటర్ వేడెక్కుతోందని మా పడగ్గదిలోని టేబుల్ ఫ్యాన్ తీసుకెళ్ళి దానికి పెట్టారు. ఎండ పడుతోందని కర్టెన్ వేశారు. వచ్చేపోయేవాళ్ళంతా గుమ్మంలో నిలబడి, “ఎంతయింది?” అని గుసగుసగా అడిగి వెళుతున్నారు. మా అత్తగారైతే దాని నెత్తిమీద చెయ్యి వేసి చూసి, “పాపం, ఒళ్ళు కాలిపోతోంది. నిన్నట్నుంచీ కూర్చోకుండా చేస్తోంది, అలిసిపోదూ!” అని కళ్ళనీళ్ళు పెట్టుకున్నారు. అప్పుడే నేను షాపునుంచి వచ్చి, చెప్పులు విప్పుకుని, వంటింట్లోకి వెళుతున్నాను. “అమ్మాయ్, కాస్త కాళ్ళ చప్పుడు చెయ్యకు” అన్నారు.

అక్కడితో మా వారికి తృప్తి కలగలేదు. తన సంచీలోంచి లిఫ్టులకి తగిలించే పసుపుపచ్చ బోర్డు తీశారు. “పని జరుగుతోంది. ఎవరూ ముట్టరాదు” అని ఎర్ర అక్షరాలతో ఉంటుంది. దాని కింద మార్కర్‌తో స్వదస్తూరీతో “చప్పుడు చేయరాదు. ఏం కావాలన్నా తర్వాత అడగవలెను” అని రాసి, తాడు కట్టి కంప్యూటర్ మెడలో వేశారు. బోర్డు మీద ఏం రాస్తే అది వేదం మా అత్తగారికి. ఆ రోజునుంచీ దాని ముందు దగ్గడం కూడా మానేశారు.

ఇంత చేసిన ఆ గేమ్ ఏమిటో మీకు తెలుసుకోవాలని లేదూ? నాకూ అనిపించి, సెలవు రోజు పొద్దున అడిగాను. మా వారి కళ్ళు మెరిశాయి.

“మామూలు గేమ్ కాదు. మనకో ఇల్లిస్తారు. మురికి ఓడుతూ ఉంటుంది. మనం నేల తుడవాలి, మరకలు గీకాలి, గిన్నెలు తోమాలి. ఒక్కో గిన్నె తళతళా మెరిసినప్పుడు టింగ్‌మని చప్పుడొస్తుంది. మనసుకి ఎంత హాయిగా ఉంటుందో తెలుసా! బాగా చేస్తే తర్వాతి లెవెల్‌లో బాత్రూములిస్తారు.”

అని చెప్పి, తాగిన కప్పు తీసుకెళ్ళి సింకులో ఉన్న గిన్నెలమీద జాగ్రత్తగా పెట్టి వెళ్ళిపోయారు. టింగ్‌మనే వినిపించింది.

తప్పుపట్టడానికి నేనెవర్ని? ఎక్కడో ఉన్న మురికిని ఇంత కష్టపడి తెప్పించుకుంటున్న మనిషికి, ఇంట్లో రెడీగా ఉన్న మురికి కంటికి ఆనుతుందా? పొరుగింటి పుల్లకూర రుచి అన్నారు పెద్దలు. నేను ఆ గిన్నెలు తోమాను, నేల తుడిచాను, వంట చేశాను. ఏ లెవెల్‌లోనూ ఏ చప్పుడూ రాలేదు.

మధ్యాహ్నం భోజనాలయ్యాక వెళ్ళి పడుకున్నాను. ఇందాక వద్దనుకున్నాం గానీ, ఆ చిరకాల కోరిక సంగతి కాస్త మాట్లాడుకుందాం.

కన్ను మూతపడుతుండగా మా అమ్మాయి వచ్చింది. “అమ్మా, కత్తెరెక్కడుంది?” చెప్పాను. మళ్ళీ కన్ను మూశాను. మా అత్తగారు వచ్చారు. “అమ్మాయ్, లేవకులే, పడుకో. కొళాయి కట్టేశావా అని అడుగుదామని.” కట్టేశానన్నాను. మూడోసారి మా వారు వచ్చి, నా మొహంలోకి వంగి, కాసేపు చూసి, భుజం తట్టారు.

“పడుకున్నావా?”

లేచి కూర్చున్నాను. “ఏం కావాలండీ?”

“ఏం లేదు, పడుకున్నావేమోనని.”

పాఠకులారా, ఈ ప్రశ్నకి లోకంలో సరైన జవాబేదైనా ఉందా? అవునంటే అబద్ధం, కాదంటే పని చెబుతారు. కాదన్నాను. “అయితే కాసిన్ని టీ పెడతావా?” అన్నారు.

అప్పుడు చూశాను, ఎదురుగదిలో కంప్యూటర్‌ని. ఫ్యాను గాలి, కర్టెన్ నీడ, పక్కన నా గడియారం, మెడలో బోర్డు. చెప్పడానికి సిగ్గేమిటి, ఒక ఇనపడబ్బా అంటే నాకు ఒళ్ళుమండిపోయేంత కుళ్ళు పుట్టింది. ఇంత మర్యాద చేయడం వీళ్ళకి వచ్చన్నమాట! రాక చేయడం లేదేమో అనుకుని ఇన్నేళ్ళూ క్షమిస్తూ వచ్చాను.

టీ పెట్టి ఇచ్చాను. తర్వాత తిన్నగా వెళ్ళి కంప్యూటర్ మెడలోంచి బోర్డు తీసి, నా మెడలో వేసుకుని, మంచమ్మీద వెల్లకిలా పడుకుని కళ్ళు మూసుకున్నాను.

ముందు మా అమ్మాయి వచ్చింది. నోరు తెరిచింది. బోర్డు చదివింది. నోరు మూసింది. కాసేపటికి టేబుల్ ఫ్యాన్ వచ్చి నావైపు తిరిగింది. తర్వాత మా అత్తగారు వచ్చారు. బోర్డు పైనుంచి కిందిదాకా చదివి, నా నుదుటిమీద చెయ్యి వేసి చూసి, “పాపం, ఎప్పట్నుంచి చేస్తోందో!” అని నిట్టూర్చి, కుర్చీ తెచ్చుకుని కాపలా కూర్చున్నారు. మా వారు గుమ్మంలోంచి తొంగిచూసి, “ఎంతయింది?” అని గుసగుసలాడారు.

“ఇప్పుడే మొదలైంది. నోర్ముయ్” అని ఆవిడ అంతకన్నా మెల్లిగా చెప్పారు.

నిద్రపోయానండీ. నిజంగా. లేచేసరికి కిటికీ మీద ఎండ దిగిపోయింది. చివరిసారి అలా ఎప్పుడు పడుకున్నానో గుర్తు లేదు. ఎవరో నామీద దుప్పటి కప్పారు. కాసేపు అలాగే పడుకుని ఏడుపు ఆపుకున్నాను. ఇదంతా సిల్లీగా ఉందని తెలుసు.

అప్పుడు కనబడ్డారు మా వారు. గుమ్మంలో నిలబడి ఉన్నారు. మొహంలో నెత్తురుచుక్క లేదు. నోరు బావిలా తెరుచుకుని ఉంది. ఆయన చెయ్యి ఎదురుగదివైపు చూపిస్తోంది. ఆ గదిలో చీకటి.

సంగతి అర్థమైంది. అందరూ నా దగ్గరికి వచ్చేశారు. ఆ గదిలో మనిషి లేడు. దాని మెడలో బోర్డు కూడా లేదు. మా అత్తగారు నా దగ్గరికి వస్తూ వస్తూ, నియమం తప్పకుండా, టప్‌మనిపించి వచ్చారు.

మా వారు తల్లివైపు చూశారు. నావైపు చూశారు. అరవడానికి గుండెలనిండా గాలి పీల్చారు. ఇంతలో ఆవిడ వేలు పెదవులమీద పెట్టుకుని, నా మెడలోని బోర్డు చూపించారు. “చప్పుడు చేయరాదు. ఏం కావాలన్నా తర్వాత అడగవలెను.” దస్తూరీ ఆయనదే. పీల్చిన గాలి మెల్లగా వదిలేసి, గుడ్డు కింద పెట్టినంత సుతారంగా తలుపు దగ్గరికి వేసి వెళ్ళిపోయారు. కాసేపటికి వంటింట్లో టీ కప్పు కడిగిన చప్పుడు వినిపించింది. లెవెల్ ఒకటి!

డౌన్‌లోడ్ మళ్ళీ అ ఆల నుంచి మొదలైంది. నా గడియారం మళ్ళీ డ్యూటీ ఎక్కింది. వచ్చే సెలవు రోజుకి కూడా పూర్తి కాదని మా అమ్మాయి అంచనా. మంచిదే. మీ ఇంట్లోనూ ఒకటి పెట్టించుకోండి, ఎంత పెద్దదైతే అంత మేలు.

బోర్డు మాత్రం మీరే ఎక్కడైనా సంపాదించుకోవాలి. మాది నేను తిరిగి ఇవ్వలేదు.