మేడంగారి క్లాసులో రిజిస్ట్రారుగారి మనిషి

ఈ దేశంలో చదువులు బాగుపడాలంటే ఒక్కటే మార్గం. ప్రతి క్లాసులోనూ ఆఖరి బెంచీ మీద ఒక గూఢచారిని కూర్చోబెట్టాలి!

నవ్వకండి. సరదాకి అనడం లేదు. సిలబస్సులు మార్చి చూశారు. గోడలకి రంగులు వేసి చూశారు. బల్లకి బదులు తెర, సుద్దముక్కకి బదులు రిమోటు పెట్టి చూశారు. ఏం బాగుపడింది? పిల్లలు ఫోను చూసుకుంటున్నారు, మేష్టర్లు గడియారం చూసుకుంటున్నారు. పాఠాన్ని చెవులు రిక్కించి వినేవాడు ఒక్కడైనా ఉన్నాడా?

ఉన్నాడు. పైనుంచి పంపినవాడు! వాడు నిద్రపోడు. ఫోను తియ్యడు. గురువు నోట్లోంచి రాలిన ప్రతి ముక్కా ఏరుకుని రాసుకుంటాడు. ఏ పంతులుకైనా ఇంతకంటే మంచి శిష్యుడు దొరుకుతాడా, మీరే చెప్పండి!

రుజువు కావాలంటే వైనతేయ విశ్వవిద్యాలయానికి వెళ్ళండి. అమలాపురానికీ రాజోలుకీ మధ్య కొబ్బరితోటల్లో ఉంటుంది. పెద్ద గేటు కట్టేసి, గోడ సంగతి మరిచిపోయిన యూనివర్సిటీ అది. గేటుకి తాళం వేస్తారు, జనం పక్కనుంచి వెళతారు.

అక్కడ జంతుశాస్త్రం ప్రొఫెసరు గంగాభవాని. ఐ.పోలవరం దగ్గర చేపలవేట చేసే ఇంటి బిడ్డ. ఒడ్డున నిలబడి ఏటి మధ్యలో పడవ మీదున్న తండ్రిని కేకేసి పిలిచిన గొంతు ఆవిడది. ఆ గొంతుకి మైకు ఇవ్వడం అనవసరం. ఇస్తే ప్రమాదం.

కొత్తపేట సెంటర్లో ఎవరో ఇచ్చారు.

"రొయ్యల చెరువుల్లో ఉప్పునీళ్ళు తూముల్లోంచి పంట కాలవలోకి వదిలేస్తున్నారు. ఆ కాలవ నీళ్ళే మనం తాగుతున్నాం. ఓటు కోసం మీ గుమ్మం ఎక్కినవాణ్ణి పట్టుకుని అడగండి, ఈ నీళ్ళు వాడి పిల్లలకి తాగిస్తాడా అని!" అన్నదావిడ.

ఆ వీడియో ఫోను ఫోనుకీ పాకింది. పాకితే పాకింది, కానీ ఆ చెరువుల్లో నలభై ఎకరాలు ఎవరివి? యూనివర్సిటీ పాలకమండలిలో మెత్తటి కుర్చీ ఉన్న ఒక పెద్దమనిషివి. ఇంకేముంది, మర్నాడే మెమో. "అధ్యాపక వృత్తి గౌరవానికి భంగకరంగా రాజకీయ ప్రసంగం చేసినందుకు సంజాయిషీ ఇవ్వవలెను."

ఆవిడ ఒక్క వాక్యం రాసి పంపింది. "నేను చెప్పింది తప్పయితే నీళ్ళు పరీక్ష చేయించండి."

రెండో మెమో ఇచ్చారు. అదే వాక్యం వచ్చింది. మూడోదీ ఇచ్చారు. ఈసారి జిరాక్సు కాపీ వచ్చింది!

రిజిస్ట్రారు సుబ్రహ్మణ్యేశ్వరరావుగారు తల పట్టుకున్నారు. బయట మాట్లాడితే మెమో ఇవ్వగలరు, అంతే. క్లాసులో రాజకీయం మాట్లాడిందని రుజువైతే సస్పెండు చెయ్యవచ్చు. రుజువెలా? అందుకు ఆయన కంట పడ్డవాడు సింహాద్రి.

సింహాద్రి ఔట్‌సోర్సింగు అటెండరు. తొమ్మిదేళ్ళుగా ఫైళ్ళు మోస్తున్నాడు. ఏటా మార్చిలో అతని ఉద్యోగం ఆగిపోతుంది, పైవాళ్ళు దయ తలిస్తే ఏప్రిల్లో మళ్ళీ మొదలవుతుంది. చదువు ఇంటరు తప్పిన దగ్గర ఆగింది. దస్తూరీ మాత్రం ముత్యాల్లాంటిది. ఆ దస్తూరీయే అతని కొంప ముంచింది.

"క్లాసులో కూర్చో. రాజకీయం మాట్లాడితే రాసెయ్. మార్చిలో నీ సంగతి నేను చూసుకుంటాను" అన్నారు రిజిస్ట్రారుగారు.

"ఆయ్. రాజకీయం అంటే ఏదండీ?"

"వింటే తెలుస్తుందయ్యా. ఒంట్లో అదోలా ఉంటుంది."

మర్నాడు సింహాద్రి రెండొందల పేజీల నోటుపుస్తకం చంకన పెట్టుకుని ఆఖరి బెంచీ మీద కూర్చున్నాడు. గంగాభవాని చూసింది.

"ఎవరు బాబూ మీరు?"

"ఫేను చూడ్డానికొచ్చేనండి."

"చూడండి. పెన్నూ పుస్తకం తెచ్చుకున్నారుగా, మంచిపని చేశారు. మా ఫేను చాలా మాట్లాడుతుంది" అని ఆవిడ బోర్డు వైపు తిరిగింది. ఆ రోజు నుంచి క్లాసులో అతని పేరు ఫేనుగారు.

ఇక చూడండి ఆ రిపోర్టులు! చదువుతుంటే ఒళ్ళు పులకరిస్తుంది.

"రొయ్యకి వెన్నెముక లేదని మేడంగారు చెప్పేరు. క్లాసంతా నవ్వేరు. ఎవర్ని ఉద్దేశించి అన్నారో తెలియరాలేదు."

రిజిస్ట్రారుగారు ఎర్రసిరాతో గీత గీశారు.

"నీళ్ళలో ఊపిరాడకపోతే రొయ్యలన్నీ ఒక్కసారే పైకొచ్చేస్తాయని చెప్పేరు. అవి పైకొచ్చేదాకా కళ్ళు మూసుకుని కూర్చున్నవాడు మునిగిపోతాడని కూడా చెప్పేరు."

రెండు గీతలు.

"పాత పెంకు వదిలితేనే రొయ్య పెరుగుతుందంట. పెంకు వదిలిన రోజున మెత్తగా ఉంటుంది కాబట్టి పక్క రొయ్యలే దాన్ని తినేస్తాయంట. ఇది మన స్టాఫ్ అసోసియేషన్ గొడవ గురించి అయ్యుండవచ్చని నా అనుమానం."

"చూశావటయ్యా, తిరుగుబాటంతా రొయ్యల్లో దాచి చెబుతోంది!" అని రిజిస్ట్రారుగారు పొంగిపోయారు. ప్రతి పేజీకీ, ఇంకా రాయని ఖాళీ పేజీలకి కూడా, ముందుగానే స్వయంగా నెంబరు వేసి, ఆఫీసు స్టాంపు కొట్టి, రాసినవి ఎప్పటికప్పుడు బీరువాలో పెట్టించారు. రేపు ఎవరూ దొంగ పేజీలు కలపకూడదు కదా! ఆయనది అంత ముందుచూపు.

మూడు నెలలు గడిచాయి. ఫేను రిపేరు సాగుతూనే ఉంది. ఈలోగా ఒక చిత్రం జరిగింది. మలికిపురం నుంచి వచ్చే యామిని అనే అమ్మాయి వారం రోజులు జ్వరంతో రాలేదు. పాఠాల కోసం స్నేహితులని అడిగింది. ఒకడి దగ్గరా లేవు. పూర్తిగా, తేదీలతో సహా, ముత్యాల్లాంటి అక్షరాలతో ఉన్న నోట్సు క్యాంపస్ మొత్తంలో ఒక్కటే, అది రిజిస్ట్రారుగారి బీరువాలో ఉంది. పాత పేజీల నకలు సింహాద్రి దగ్గర ఒకటుండేది. మెల్లిగా జిరాక్సు షాపుకి చేరింది. పరీక్షలకి ముందు పిల్లలందరూ గూఢచారి నోట్సు చదివారు. అందరూ పాసయ్యారు! యూనివర్సిటీ పుట్టిన తర్వాత జంతుశాస్త్రంలో నూటికి నూరుమంది పాసవడం అదే మొదటిసారి. నిఘా వల్ల ప్రయోజనం లేదని ఇంకా ఎవరైనా అంటారా?

ఆ తర్వాత ప్రాక్టికల్సు వచ్చాయి. ఎవరి ఇంట్లో తాగే నీళ్ళు వాళ్ళు సీసాలో పట్టి తెమ్మంది గంగాభవాని. వెళుతూ వెళుతూ ఆఖరి బెంచీ వైపు చూసి, "ఫేనుగారూ, మీరూ తెండి" అంది.

తెచ్చాడు. తేకపోతే అనుమానిస్తారేమోనని తెచ్చాడు పాపం.

యామిని ఒక్కొక్క సీసాలో, నీళ్ళలో కరిగిన ఉప్పు కొలిచే టీడీఎస్ మీటరు ముంచి అంకె చదువుతోంది. ఐదొందల లోపుంటే మంచినీళ్ళు. తన ఇంటివి తొమ్మిదొందలు వచ్చాయి. సింహాద్రి సీసాలో ముంచి, మీటరు పాడైందనుకుని తుడిచి, మళ్ళీ ముంచింది. రెండువేల ఆరొందలు.

సింహాద్రి లేచి నిలబడ్డాడు. తొమ్మిదేళ్ళ ఉద్యోగంలో ఎవరినీ ఏమీ అడగని మనిషి.

"మేడమండీ, మా ఇంట్లో పప్పు ఉడకదండి. కుక్కరు ఎన్ని కూతలు పెట్టినా రాళ్ళలాగే ఉంటాదండి. పప్పు మంచిది కాదని మా ఆవిడ కొట్టువాడితో నాలుగేళ్ళబట్టి దెబ్బలాడుతోందండి. ఇందువల్లేనా అండీ?"

"మీ ఇల్లెక్కడ?"

"పెద్ద తూము పక్కనేనండి."

"మరయితే పాపం, కొట్టువాడితో ఎందుకండీ పోట్లాట?"

"మరెవరితో పోట్లాడాలండీ?" అన్నాడు సింహాద్రి.

గంట కొట్టారు. ఎవరూ లేవలేదు. గంగాభవాని ఆ ప్రశ్నకి జవాబు చెప్పింది. ఏ చెరువు, ఏ తూము, ఏ ఆఫీసు, ఏ సంతకం, అన్నీ చెప్పింది. సింహాద్రికి ఒంట్లో అదోలా అయింది. ఓహో, రాజకీయమంటే ఇదన్నమాట అనుకున్నాడు.

సాయంత్రం ఇంట్లో రిపోర్టు రాస్తూ పెన్ను కొరుక్కుంటున్నాడు. భార్య చిన్నతల్లి వచ్చి నిలబడింది.

"ఏం రాస్తన్నారు?"

"మేడంగారు రాజకీయం మాట్లాడేరని."

"ఆవిడకావిడే మొదలెట్టేరా?"

"కాదు. నేనడిగితే చెప్పేరు."

"మరదీ రాయండి. నాలుగేళ్ళబట్టి ఆ కొట్టాయన్ని ఊరికినే తిట్టేను నేను. ఇంకో మనిషి ఉసురు కూడా మన కొంపకి ఎందుకు?"

సింహాద్రి రాశాడు. "ఈరోజు క్లాసులో రాజకీయం మాట్లాడింది నేనేనండి. మేడంగారు జవాబు చెప్పేరు. అంతే."

గూఢచారి తన మీద తానే రిపోర్టు ఇచ్చుకోవడం మీరెక్కడైనా విన్నారా? ఇంత నిజాయితీగల నిఘా ప్రపంచంలో ఏ దేశానికైనా ఉందా? కోనసీమ మర్యాద అంటే అదీ!

ఆ పుస్తకం ఆధారంగా మేడంగారిని సస్పెండు చెయ్యడానికి ముగ్గురు సభ్యుల విచారణ కమిటీ అప్పటికే వచ్చి కూర్చుంది. చివరి పేజీ చూసి రిజిస్ట్రారుగారు సింహాద్రిని పక్కకి పిలిచారు.

"ఈ పేజీ చింపెయ్యవయ్యా."

"పేజీకి నెంబరు తమరే వేసేరండి. స్టాంపు కూడా తమరే కొట్టేరండి."

"పోనీ, ఆ మొదటి వాక్యం కొట్టెయ్. అడిగావని ఎందుకు? ఆవిడే మాట్లాడిందని రాయి."

"అడిగింది నేనేనండి."

రిజిస్ట్రారుగారు గొంతు తగ్గించారు. "సింహాద్రీ, మార్చి వస్తోంది."

"ఆయ్, వస్తాదండి. ఏటా వస్తాదండి. తొమ్మిదేళ్ళబట్టి చూస్తన్నానండి. మంచినీళ్ళే రాలేదండి."

కమిటీలో పెద్దాయన దగ్గినట్టు నటించి నవ్వు దాచుకున్నారు. సందేహం అడిగితే జవాబు చెప్పడం అధ్యాపకురాలి విధి. దానికి సస్పెండు చేస్తే కోర్టులో నిలబడదు. పైగా మొన్నటి నూటికి నూరు ఫలితం ఈ క్లాసుదేనాయె! కమిటీ లేచి వెళ్ళిపోయింది. గంగాభవాని ఉద్యోగం నిలబడింది. విద్యార్థి కానివాడికి సందేహం తీర్చినందుకు నాలుగో మెమో మాత్రం ఇచ్చారు. ఆవిడ దగ్గర జిరాక్సు కాపీలు ఇంకా ఉన్నాయి.

మరి సింహాద్రి? తీసేస్తే మైకు దగ్గరికి వెళతాడని భయం. అందుకని ఏప్రిల్లో మళ్ళీ తీసుకున్నారు. శిక్షగా ఎండలో, క్యాంపస్ చివర మంచినీళ్ళ ట్యాంకు దగ్గర వేశారు. ఏమి శిక్ష! ఏమి శిక్ష! యామిని ఒక మీటరు ఇచ్చింది. సింహాద్రి ఒక నల్లబల్ల సంపాదించాడు. రోజూ పొద్దున్నే కాలవ నీళ్ళ అంకె, ట్యాంకు నీళ్ళ అంకె ముత్యాల్లాంటి అక్షరాలతో రాసి పెడుతున్నాడు. చుట్టుపక్కల ఆడవాళ్ళు బిందె పట్టుకుని వచ్చి, ముందు బల్ల చదివి, ఆ తర్వాతే కుళాయి తిప్పుతున్నారు.

ఆ బల్ల మీద ఏం రాస్తున్నాడో చూడటానికి యూనివర్సిటీవారు ఒక వాచ్‌మన్‌ని పెట్టారు. వాచ్‌మన్ తనింటి నీళ్ళు తెచ్చి కొలిపించుకుంటున్నాడా అని చూడటానికి ఒక కెమెరా కూడా పెడతారేమో! పెట్టనివ్వండి. ఇలా ఒకడి వెనక ఒకణ్ణి పెట్టుకుంటూ పోతే, రెండేళ్ళలో యూనివర్సిటీ మొత్తానికి జంతుశాస్త్రం వచ్చేస్తుంది.

అందుకే ఏలినవారికి నా మనవి. నిఘా తగ్గించకండి, పెంచండి! ఆవిడ నీళ్ళ గురించి ఏమందో తెలుసుకోవడానికి ఒక అటెండరునీ, ముగ్గురు కమిటీ పెద్దలనీ, ఒక వాచ్‌మన్‌నీ, ఎర్రసిరా బుడ్డి మొత్తాన్నీ ఖర్చు పెట్టారు. సంతోషం. ఇంకొక్క మనిషిని ఖర్చు పెట్టండి. పెద్ద తూము దగ్గర ఒక కుర్చీ వేసి కూర్చోబెట్టండి.

పొద్దస్తమానం నోరు తెరుచుకుని ఉన్నా ఇంతవరకూ ఒక్క మెమో కూడా అందుకోనిది, మా కోనసీమలో ఆ తూము ఒక్కటే!