పద్నాలుగో కప్పు

1994 జూన్‌లో ఒక శనివారం ఉదయం డాక్టర్ సురేందర్ అనుకున్న పని చిన్నది. పది గంటలకు ఖురం పేటలోని ఒక ప్రభుత్వ కార్యాలయంలో అరబ్బు అధికారిని కలవాలి. కట్టడాల దగ్గర మిట్టమధ్యాహ్నం మూడు గంటలపాటు పని ఆపించమని అడగాలి. పన్నెండుకల్లా తాను పాఠం చెప్పే కళాశాలకు తిరిగి రావాలి. ఎండకు కూలీల ఒంట్లో ఏం జరుగుతుందో ఆయన రెండేళ్లు కొలిచి, నాలుగు వందల పన్నెండు పేజీలు రాశాడు. వాటిని ఇంతవరకు పూర్తిగా చదివింది బైండు చేసేముందు పేజీలు లెక్కపెట్టినవాడు ఒక్కడే.

దారిలో ఆగినప్పుడు, హమ్రియా పేటలో అర్జీలు టైపు చేసే ఫక్రుద్దీన్ ఆ కట్టను చూసి నిట్టూర్చాడు.

"డాక్టర్ సాబ్, ఇది ఇస్తే తలుపు కొట్టుకోకుండ అడ్డం పెట్టుకుంటరు. నేను ఒక్క కాగితం రాసిన, ఇదే ఇయ్యండి. ఇంకో మాట, కహ్వా, గదే వాళ్ల కాఫీ, తాగుడు అయ్యేదాక పని ముచ్చట ఎత్తొద్దు. బేఅద్బీ అయితది, మర్యాద తప్పినట్టు."

"ఆధారాలు చూపించకుండా ఎలాగండీ?"

"ఆధారం నడిచి వస్తది గదా సాబ్! పోచన్నను తీస్కపోండి."

పోచన్న తాపీ పనివాడు. అతని రూమ్‌లో ఉండే ఇస్తారి క్రితం వారం అతని కళ్లముందే సైట్‌లో ఎండకు పడిపోయి ఇంకా ఆసుపత్రిలోనే ఉన్నాడు. సురేందర్ కాగితాన్ని జేబులో పెట్టుకున్నాడు. కట్టను మాత్రం వదల్లేదు. దాన్ని పోచన్న చేతిలో పెట్టి, కార్యాలయం ముందు ఎండలో కారు పక్కన నిలబెట్టి, "పిలిచినప్పుడు రా" అన్నాడు.

లోపల అధికారి ఆదరంగా కూర్చోబెట్టాడు. నౌకరు చిన్న కప్పులో కహ్వా పోశాడు. సురేందర్ తాగాడు. మళ్లీ పోశాడు. చాలనుకుంటే ఖాళీ కప్పును కాస్త ఊపి ఇవ్వాలని అక్కడ పసిపిల్లలకు కూడా తెలుసు. అది చెప్పాలని ఫక్రుద్దీన్‌కు తోచలేదు. పోసినది వద్దనడం తప్పని ఈయన, అతిథికి ఇంకా తనివి తీరలేదని వాళ్లు అనుకున్నారు. అధికారి ఖర్జూరాల గురించి, ఖురియాత్ రేవు చేపల గురించి మాట్లాడుతూనే ఉన్నాడు. తొమ్మిదో కప్పుకు సురేందర్ చేతులు వణకసాగాయి. పద్నాలుగో కప్పు ఆ వణుకుకే ఊగింది. నౌకరు దాన్ని తీసుకుని వెళ్లిపోయాడు.

సురేందర్ గొంతు సవరించుకునేసరికి కాపలావాడు పరుగెత్తుకొచ్చాడు. బయట ఎవరో పడిపోయారు.

పోచన్న కారు పక్కన పడి ఉన్నాడు. తల కింద నాలుగు వందల పన్నెండు పేజీలు ఉన్నాయి. నీళ్లు చల్లితే కళ్లు తెరిచాడు.

"ఏమైంది పోచన్నా?"

"మీరు పిలుస్తరని నిలబడ్డ సారూ, గంటన్నర. సైట్ల గూడ గిట్లనే పడ్తం. ఆడ గింతమంది ఉరికి రారు."

సురేందర్ ఆ మాటను అధికారికి ఇంగ్లీషులో చెప్పాడు. రెండేళ్లలో ఆయన క్లుప్తంగా చెప్పింది అదొక్కటే. అధికారి ముఖం వాడిపోయింది. "నా గుమ్మం ముందు ఇలాంటిది మళ్లీ జరగనివ్వను. ఇవాళే ఉత్తర్వు ఇస్తాను" అన్నాడు.

సురేందర్ ఆనందంతో ఆయన చేయి పట్టుకుని చాలాసేపు ఊపాడు.

"కాగితం ఇచ్చిన్రా సాబ్?" సాయంత్రం ఫక్రుద్దీన్ అడిగాడు.

సురేందర్ జేబు తడుముకున్నాడు. కాగితం అక్కడే ఉంది.

ఉత్తర్వు వచ్చింది. కార్యాలయం ముందు, కార్లు నిలిపే చోట, వారంలోగా నీడకు రేకుల పందిరి వేయాలి. తన పరిశోధన ఫలితంగా ప్రభుత్వం కదిలిందని సురేందర్ కళాశాలకు నివేదిక రాశాడు. ఈసారి ముప్పై పేజీలే.

పందిరి పని పోచన్న పనిచేసే కంపెనీకే దొరికింది. గడువు తక్కువ కాబట్టి మిట్టమధ్యాహ్నం కూడా పని ఆపలేదు.