గడ్డికి అడవి గుర్తింపు

ఒక పెద్ద అడవిలో అని మొదలుపెడదామంటే, దక్షిణాన చలిసముద్రంలో ఉన్న ఆ దీవిలో చెట్టన్నదే లేదు. ఉన్నదల్లా టస్సాక్ అనే గడ్డి. ఆ దుబ్బులు మనిషిని మించిన ఎత్తు. కింద మొద్దులా బలిసిన మొదలు, పైన జుట్టులా వేలాడే ఆకు. ఆ ఆకు చాటునే నూకాలనే బుల్లిపిట్ట గూడు కట్టుకుని, పిల్లల్ని పెంచుకుంటోంది.

ఒకరోజు సంచారిగారు వచ్చి గట్టున వాలాడు. దేశదేశాలు తిరిగిన ఆల్బట్రాస్ పక్షి ఆయన. "అన్నిచోట్లా అడవులున్నాయి. మీది ఉత్త గడ్డి" అనేసి ఎగిరిపోయాడు.

దీవి ప్రెసిడెంటు లంబోదరానికి ఆ మాట గుచ్చుకుంది. ఒళ్లు కదపడానికే బద్ధకించే ఆ ఏనుగంత సీలు జంతువు, ఆ పూటే సభ పెట్టించాడు.

"మనకి అడవిగా గుర్తింపు కావాలి. అడవంటే ఏముండాలయ్యా?"

"మానులుండాలండి" అన్నాడు సెక్రటరీ కోటేశ్వర్రావు. పుట్టుకతోనే నల్లకోటు తొడుక్కున్న పెంగ్విన్. "మన దుబ్బులకీ ఉన్నాయండి. ఆకు కప్పేసి కనబడ్డంలేదంతే. పీకిస్తే సరి."

నూకాలు బెరుగ్గా లేచింది. "అయ్యా, గాలొస్తే మా పిల్లలకి చాటేదండీ?"

"అడవొచ్చాక చాటుకేం కొదవమ్మా?" అన్నాడు లంబోదరం.

సభంతా రెక్కలు చరిచింది. చరవకపోతే అందరూ తననే చూస్తారని నూకాలూ చరిచింది.

పీకే కాంట్రాక్టు బాతులకిచ్చారు. పీకిన ఆకు వాటికే మేత.

"పిల్లలకి రెక్కలొచ్చేదాకా ఆగు నాయనా" అని బతిమాలింది నూకాలు.

"పైనుంచి ఆర్డరమ్మా" అని బాతు నములుతూనే చెప్పింది.

దీవిలో ఆకంతా పీకెయ్యడం అయిందో లేదో, మంచుగాలి విరుచుకుపడింది. నూకాలు పిల్లల్ని ముక్కుతో తోసుకుంటూ పోయి లంబోదరం వీపు వెనక దూరింది. చూస్తే సెక్రటరీ, బాతులు అప్పటికే అక్కడ ఇరుక్కుని ఉన్నారు. దీవిలో మిగిలిన చాటల్లా ప్రెసిడెంటుగారే.

"కాస్త పక్కకి దొర్లుతానయ్యా, ముక్కు గడ్డకట్టుకుపోతోంది" అన్నాడాయన.

"వద్దండి. ప్రజలు మీ వెనకున్నారు" అన్నాడు సెక్రటరీ.

గాలి తగ్గాక, కబురందుకుని సంచారిగారు తనిఖీకి వచ్చాడు. బోడి మొద్దుల్ని ఆ చివరి నుంచి ఈ చివరిదాకా చూశాడు. ఒకదాన్ని ముక్కుతో పొడిచి చూశాడు.

"బాగోలేదాండీ?" అన్నాడు సెక్రటరీ, వెనకాలే పరిగెడుతూ.

"బాగోకేం? ఈమధ్య నేను చూసిన అడవులన్నీ అచ్చం ఇలాగే ఉన్నాయి. గుర్తింపు ఇచ్చేశాను పో."

అందరూ రెక్కలు చరిచారు. నూకాలు మాత్రం పిల్లల మీంచి రెక్క తియ్యలేదు.

నీతి: అడవికి గుర్తింపు కావాలంటే, ముందు అడవి పోవాలి.