హీలియం హరించిన తాళంచెవి

సహస్రకిరణుడు తన రథాన్ని పడమటికి మళ్లిస్తున్న మధ్యాహ్నం మూడు గంటల వేళ, నాలుగంతస్తుల మేడ చిట్టచివర, కొత్త కాపురపు వంటగదిలో, ఛార్జింగు తీగకు బందీగా పడివున్న ఫోను విజయశంఖంలా మోగింది. ఆస్పత్రుల స్కానింగు యంత్రాలకు ద్రవ హీలియం నింపి పంపే కర్మాగారంలో ఉద్యోగలక్ష్మి ఆ ఇంటి నవవధువునే వరించిందని చాటింది.

"అయిదింటికి మళ్లీ చేస్తానమ్మా. ఇంట్లో మాట్లాడుకుని అప్పుడు ఖాయంగా చెప్పండి. ఎత్తకపోతే మాత్రం తర్వాతి పేరుకి వెళ్లిపోతాం," అంది అవతలి గొంతు.

ఎత్తకపోవడమా! రసాయనశాస్త్రంలో పట్టా పుచ్చుకుని, ఇంటర్వ్యూలనే రణరంగాలలో వరుసగా మట్టికరిచిన ఆ వీరవనిత ఈ పిలుపు కోసం ఎన్నాళ్లుగా కళ్లు కాయలు కాచేలా చూస్తోందో! బట్టల దుకాణంలో లెక్కలు రాసే భర్తకు కబురు చెప్పిందో లేదో, అతడు యజమానిని బతిమాలుకుని బయలుదేరాడు. మెట్ల మీద అతడి అడుగుల చప్పుడు వినగానే ఆమె ఫోనును తీగకే వదిలేసి, తాళంచెవి చేతబట్టి ఎదురెళ్లింది. తనంతట తానే తాళం పడే తలుపు వెనక ఠప్పున మూసుకుంది.

అతడి చంకలో గొడుగు, చేతిలో ఎర్రటి బెలూను.

"నీ హీలియం నీకే తెచ్చా. గట్టిగా పట్టుకో, ఎగిరిపోతుంది."

"హీలియం గురించి నాకు చెప్తున్నావా? ఉండు, తమాషా చూపిస్తా. ఈ బెలూను మోస్తే మహా అయితే పది గ్రాములు మోస్తుంది. అరచేతంత ఇత్తడి తాళంచెవి మనది, పాతిక గ్రాములైనా ఉంటుంది. కట్టి వదిలితే కుక్కపిల్లలా ఇక్కడే కూర్చుంటుంది చూడు."

కట్టింది. వదిలింది. కూర్చోలేదు.

పైన ఇత్తడి పూత, లోపలంతా అల్యూమినియం! సంతోషంతో తన ఒళ్లే తేలిపోతున్న వేళ చేతిలోని వస్తువు తేలికదనం ఆమెకేం తెలుస్తుంది? దొరికినదాన్ని దొరికినట్టు నోట కరుచుకున్న గరుత్మంతుడిలా ఆ బెలూను, తొందరేమీ లేకుండా, మెట్ల నడుమ ఖాళీ మీదుగా పైకి పైకి పోయి, మేడ కప్పుకు తల ఆనించి నిలిచింది.

"నీ తాళంచెవి ఏదీ?" అంది ఆమె, చూపు దించకుండానే.

"పొద్దున లోపలే మర్చిపోయా. నువ్వున్నావు కదా అని..."

"నా ఫోనూ లోపలే ఉంది! వాళ్ల నంబరూ అందులోనే!"

తాళాలు తీసే మనిషికి అతడి ఫోనులోంచి చేస్తే, ఆరింటికి గానీ రాలేనన్నాడు. అప్పటికి నాలుగున్నర.

ఆహా, ఆ హీలియమనే శత్రువు సామాన్యుడా! గ్రహణవేళ సూర్యుడి వెలుగులో పసుపు గీతగా మాత్రమే శాస్త్రజ్ఞుల కంటబడి, భూమ్మీద చేజిక్కడానికి పాతికేళ్లకు పైగా సతాయించినవాడు. రంగు లేనివాడు, వాసన లేనివాడు. తక్కిన వాయువులన్నీ చలికి లొంగి ద్రవమైపోయాక కూడా ఆఖరిదాకా లొంగని జగమొండి. మూలకాలు జతలుజతలుగా కాపురాలు చేసుకుంటుంటే ఎవరితోనూ పొత్తు కుదరని ఆజన్మ బ్రహ్మచారి!

"మనల్ని చూసి కుళ్లు వాడికి," అన్నాడు భర్త.

"కబుర్లాపి గొడుగు సంగతి చూడు!"

అతడు డాబా మెట్ల పైమెట్టెక్కి, కటకటాల మీంచి వంగి గొడుగును గదాదండంలా చాచాడు. మూరెడు తక్కువైంది. చెప్పును దివ్యాస్త్రంగా సంధించి విసిరాడు. ఆ అస్త్రం గురి తప్పి, మూడంతస్తులు దిగి, కింద ఎవరిదో బకెట్లో పడింది.

ఈ రణఘోషకు ఎదురింటి పిన్నిగారి తలుపు తెరుచుకుంది.

"ఏమిటర్రా ఈ గోల?"

"తాళంచెవి పైకెళ్లిపోయిందండీ పిన్నిగారూ. బెలూనుకి కట్టా."

ఆవిడ పైకి చూసింది. వాళ్లిద్దర్నీ చూసింది. "బెలూనుకా! మేం మేకుకి తగిలించేవాళ్లం."

నవవధువు వినలేదు. ఆమె చూపంతా బెలూను మీదే. కిటికీలోంచి గాలి తగిలినప్పుడల్లా అది జానెడు కిందికి దిగి, ముసలాయన మెట్లెక్కినట్టు ఆయాసపడుతూ మళ్లీ పైకి చేరుతోంది.

"వాడికి బలం లేదు! మోయలేక మోస్తున్నాడు. ఇంకొక్క రవ్వంత బరువు పడితే చాలు. పిన్నిగారూ, మొక్కలకి నీళ్లు చిమ్మే సీసా ఉందా మీ దగ్గర?"

సీసా వచ్చింది. ఆమె పైమెట్టెక్కి, దాన్ని బాణంలా గురిపెట్టి గర్జించింది:

"ఓరీ ఒంటరిగాడా! హైడ్రోజన్ ఒక్కడే ఉంటే నీకన్నా తేలిగ్గా ఎగిరేవాడు. ఆక్సిజన్ ఒక్కడే ఉంటే ఈ గాలిలోనే జులాయిగా తిరిగేవాడు. వాళ్లు కాపురం పెట్టారు కాబట్టి నీళ్లయ్యారు! కాపురానికి బరువుంటుందిరా! కాచుకో!"

నీటితుంపరలు శరపరంపరగా లేచాయి. చుక్క చుక్కా ఎర్రటి తోలు మీద ముత్యాల్లా అతుక్కుంది. బెలూను ఒకసారి వణికింది. తలదించింది. ఓటమిని హుందాగా ఒప్పుకున్న రాజులా దిగసాగింది, చేతికందనంత దూరాన, సరిగ్గా మెట్ల నడుమ ఖాళీలోంచి.

"కిందికెళ్లు, కిందికెళ్లు!"

భర్త ఒంటిచెప్పుతో మెట్లన్నీ దూకాడు.

"ఎక్కడుంది?"

"నీ నెత్తి మీదే! అటు కాదు, ఎడమవైపు... నా ఎడమ కాదయ్యా, నీ ఎడమ!"

లోపల ఫోను మోగడం మొదలైంది.

అతడు పట్టాడు. రెండేసి మెట్లు దాటుతూ ఎక్కాడు. తడిబెలూను వాళ్లిద్దరి ముఖాల మధ్య చెంపచెంపకూ తగులుతుండగా తాళంచెవి తిరిగింది, తలుపు తెరుచుకుంది, ఆమె ఒక్క అంగలో వంటగదిలోకి దూకింది.

"వస్తానండీ! తప్పకుండా వస్తాను!"

"సంతోషమమ్మా. ఏమిటంత ఆయాసపడుతున్నారు?"

"హీలియంతో పనిలో ఉన్నానండీ."

"అప్పుడే! మంచిది, రేపు తొమ్మిదింటికి రండి."

ఈ విధంగా ఆ నవదంపతులు సౌరమండలసంభవుడైన హీలియాన్ని నీటిచుక్కలతో నేలకు దించి, ఎదురింటి పిన్నిగారు సాక్షిగా, సొంత ఇంట్లోకి సొంత తాళంచెవితో ప్రవేశించారు. ఈ ఘనకీర్తి దశదిశలా మారుమోగుగాక!

వీరపత్ని తడిచేతులు భర్త చొక్కాకే తుడుచుకుని ప్రకటించింది: "రేపు తొమ్మిదింటికల్లా నేను కర్మాగారంలో ఉంటా. వెళ్లేదారిలో ఇద్దరం ఆగి అసలైన ఇత్తడి తాళంచెవి చేయిద్దాం. ముందు తూకం వేయిస్తా. ఆ తర్వాత అది నీ జేబులోనే ఉండాలి, నేను అడిగినా ఇవ్వకు."