ఐదుగురు రెమీలలో ఒకడు

ఫ్రెంచి దర్శకుడు రెమీ వాల్‌కూర్ కొత్త రకం సినిమా తీసినప్పుడల్లా ఇంకో మనిషి పుట్టుకొచ్చేవాడు, పాతవాడు పాతవాడిగానే మిగిలేవాడు. అందువల్ల యానాంలో కాపురం పెట్టిన కొన్నేళ్లకు ఆయన ఐదుగురయ్యాడు. దీనికి ఎవరూ ఆశ్చర్యపడలేదు. పాలవాడు ఐదుగురికీ సరిపడా పోసి వెళ్లేవాడు.

మొదటివాడు హాస్యం తీసినవాడు. రెండోవాడు హత్యల సినిమాలవాడు, భోజనాల దగ్గర అందరి చేతులూ చూసేవాడు. మూడోవాడు యుద్ధం తీశాడు, బూట్లు విప్పకుండా మంచం కింద పడుకునేవాడు. నాలుగోవాడు ఏడుపు సినిమాలవాడు. ఐదోవాడు చేపల మీద డాక్యుమెంటరీ తీశాడు. బజారుకు పంపితే చేపను గంటసేపు చూసి, కొనకుండా వచ్చేవాడు. పారిస్ పత్రికలు ఈయన ఏ సినిమా అయినా తీయగలడని రాశాయి. తీస్తున్నది ఎవరో రాయలేదు.

మరిడమ్మ పెళ్లి చేసుకున్నది మొదటివాణ్ణి. గోదావరిలో షూటింగప్పుడు అతను పడవ దిగబోయి నీళ్లలో దిగాడు. ఆమె నవ్వింది. ఆ నవ్వు కోసమే అతను ఫ్రాన్సుకు తిరిగి వెళ్లలేదు.

ఒకరోజు సినిమా రకాల కార్యాలయం నుంచి కాగితం వచ్చింది. ఒక పేరుకు ఒక మనిషే ఉండాలి, ఒక మనిషిది ఒక రకమే కావాలి. తక్కినవాళ్లను గిడ్డంగిలో రీళ్ల పక్కన భద్రపరుస్తారు. ఇంటికి ఎవరు వెళ్లాలో భార్య చెప్పాలి.

కార్యాలయంలో గుమస్తా భీమశంకరం ఐదుగురినీ బెంచీ మీద కూర్చోబెట్టాడు.

"ఎవరు కావాలమ్మా?"

"నవ్వించే ఆయనండి. ఆ చివర, చెప్పులు తారుమారుగా తొడుక్కున్నాడే, ఆయన."

"మీ అమ్మగారు పోయినప్పుడు పక్కన కూర్చుని ఏడ్చింది నాలుగో ఆయన కదా. బాగా ఆలోచించుకున్నారా?"

"ఏం ఆలోచించమంటారండి. అన్నం ఐదుగురికీ పెట్టాను. నవ్వింది ఈయనతోనే."

"ఇలా అవుతుందని నాకు ముందే తెలుసు మరిడీ," అన్నాడు ఏడుపు సినిమాలవాడు.

"నీకెవరు చెప్పారు? ఆ టైముకి ఎక్కడున్నావు?" అన్నాడు హత్యలవాడు.

అలా అనుకుంటూనే నలుగురూ వరసగా గిడ్డంగిలోకి నడిచారు. మొదటివాడు వాళ్లకు దారివ్వబోయి బీరువాలోకి వెళ్లాడు. మరిడమ్మ నవ్వింది. భీమశంకరం కలం ఆపాడు.

"ఒక్క నిమిషం కూర్చోండమ్మా. ఇంట్లో వంట ఎవరు?"

"నేనే."

"అయ్యగారికి జబ్బు చేస్తే చూసేది?"

"నేనేనండి."

"ఇప్పుడు నవ్విందెవరు?"

ఆమె చుట్టూ చూసింది. గదిలో ఇంకో ఆడమనిషి లేదు.

"నేనే అనుకుంటానండి."

"అయితే మీరూ ముగ్గురున్నారు. ఒకరే వెళ్లాలి. ఎవరిని రాయను?"

మరిడమ్మ బీరువా వైపు చూసింది. ఆయన కోసమే వచ్చింది. ఆయన దొరికాడు. ఇంటి దగ్గర పప్పు కడిగి పెట్టి వచ్చింది.

"వంటావిడనే రాయండి. లేకపోతే ఈయన పస్తుంటాడు."

భీమశంకరం ముద్ర వేశాడు. నవ్విన ఆవిణ్ణీ, జబ్బు చూసే ఆవిణ్ణీ గిడ్డంగి లెక్కలో వేశాడు. ఈ ఇల్లు సక్రమం అని రిజిస్టరులో రాసుకున్నాడు.

మర్నాడు మధ్యాహ్నం రెమీ పీట మీద కూర్చోబోయి పక్కన కూలబడ్డాడు. లేవకుండా ఆమె వైపు చూశాడు. ఆమె కూడా చూసింది.

"పులుసు పొయ్యనా?" అంది.

పొయ్యమన్నాడు.