జీవరత్నం గారి వంద మీటర్లు

ఆ శనివారం జీవరత్నం గారు వేసుకున్న పథకం చాలా చిన్నది. ఏడింటికి వట్లూరులో ఇల్లు దాటడం, తాడేపల్లిగూడెంలో వంద మీటర్లు పరిగెత్తడం, భోజనాల వేళకి ఇంటికొచ్చి ఏమీ ఎరగనట్టు పప్పు వడ్డించుకోవడం. ఆవిడకి ఎనభై నాలుగేళ్లు. ముప్పై అయిదేళ్లు బళ్లో పిల్లల్ని పరిగెత్తించి, గెలిచినవాళ్లకి సబ్బుపెట్టెలూ గ్లాసులూ పంచారే తప్ప, తను ఏనాడూ గీత దగ్గర నిలబడలేదు. వృద్ధుల ఆటల పోటీలని 2006 ఫిబ్రవరిలో పేపర్లో చూసినప్పటి నుంచి ఆవిడకి కాలు నిలవలేదు.

కొడుకు సుకుమార్‌ని ఒకసారి కదిపి చూశారు. "ఈ వయసులో పరుగేంటమ్మా? పడితే జనం నన్నంటారు," అన్నాడతను. దాంతో కొత్త కాన్వాసు బూట్లు బైబిలు సంచిలో సర్దుకుని, "గూడెంలో స్త్రీల కూడిక ఉందమ్మా," అని కోడలు పెర్సిస్‌తో చెప్పి బయల్దేరారు. అబద్ధమాడినందుకు బస్సులోనే క్షమాపణ ప్రార్థన చేసుకున్నారు. తోడుగా ఇమ్మానుయేలు గారు వచ్చారు. ఆయన నలభై ఏళ్లు చర్చిలో ఉపదేశిగా పనిచేసిన మనిషి.

ఎనభై దాటిన ఆడవాళ్ల పరుగుకి ఇద్దరే వచ్చారు. రెండో ఆవిడ వీరరాఘవమ్మ గారు, పెంటపాడు వైపు రైతు కుటుంబం. కుచ్చెళ్లు ఎగదోపి నిలబడ్డారు. ఈల మోగింది. ఇద్దరూ కదిలారు.

పాతిక మీటర్లు దాటాక, "ఏ ఊరండీ మనది?" అన్నారు వీరరాఘవమ్మ గారు ఆయాసపడుతూ.

"వట్లూరండీ. మీకు పిల్లలెంతమందండీ?"

"అయిదుగురండీ. మీకు మోకాళ్ల నొప్పులేవీ లేవాండీ?"

"ఎందుకు లేవండీ."

గీత ఇంకో రెండడుగులుందనగా వీరరాఘవమ్మ గారు ఆగిపోయారు. "పెద్దవారు, ముందు మీరు దాటండి," అన్నారు.

అలాంటి మర్యాదకి "అబ్బే, ముందు మీరు" అనడం గోదావరి జిల్లాల ఆనవాయితీ. జీవరత్నం గారు ఆ మాట అనలేదు. దాటేశారు.

మెడల్ మెళ్లో పడేసరికి ఎడమ మోకాలు పట్టేసింది. నిర్వాహకులు ఆవిడని చెట్టు నీడన పడుకోబెట్టి ఐసు పెట్టారు. వ్యానులో ఇంటికి దింపుతామన్నారు. "ఇంక దాచడమెందుకండీ, మావాడికి ఫోన్ చేసి జరిగింది చెప్పేయండి," అన్నారు జీవరత్నం గారు. ఇమ్మానుయేలు గారు సెల్ తీశారు. నలభై ఏళ్లు వాక్యం చెప్పిన నోరు కావడంతో ఆయనకి మామూలు మాటలు రావు.

"బాబూ సుకుమార్, మీ అమ్మగారు తన పరుగు ముగించారు."

వాళ్ల చర్చిలో ఆ మాట ఒక్క సందర్భంలోనే వాడతారు. సుకుమార్ కుర్చీలో కూలబడ్డాడు.

"ఎప్పుడండీ?"

"ఇప్పుడే, పదిన్నరకి. చివరి క్షణంలో కూడా నవ్వుతూనే ఉన్నారు. నువ్వు సంతోషించాలి బాబూ."

"ఇప్పుడెక్కడున్నారు?"

"నీడన పడుకోబెట్టాం. ఐసు పెట్టాం. రెండింటికల్లా వ్యానులో తీసుకొచ్చేస్తాం." అంతటితో సెల్లులో చార్జింగ్ అయిపోయింది.

పెర్సిస్ ఏడుపు విని పక్కింటివాళ్లు వచ్చారు. పన్నెండింటికి షామియానా లేచింది. దూరం నుంచి వచ్చేవాళ్ల కోసం గుండిగల్లో అన్నం ఎక్కించారు. ఆవిడ పాఠాలు చెప్పిన బడికి ఒంటిపూట సెలవిచ్చి పిల్లల్ని వరసలో నడిపించుకొచ్చారు. కైకలూరులో ఐసు వ్యాపారం చేసే మేనల్లుడు జాకబ్, "గూడెం వాళ్లు పెట్టిన ఐసు ఈ ఎండకి ఏపాటి ఆగుతుంది?" అని చేపల వ్యానులో ఇరవై దిమ్మలు వేసుకొచ్చాడు. పాస్టరు ప్రసాదరావు గారు రెండు పేజీల ప్రసంగం రాసుకొచ్చారు.

ఇమ్మానుయేలు గారిని దారిలో దింపి, వ్యాను రెండుంపావుకి వచ్చి ఆగింది. నలుగురు మగవాళ్లు తలలు దించుకుని వెనక తలుపు దగ్గరికి వెళ్లారు. జీవరత్నం గారు ముందు తలుపు తీసుకుని కుంటుతూ దిగారు.

జనమంతా ఒక్కడుగు వెనక్కి వేశారు. పిల్లలు మాత్రం అలవాటు కొద్దీ, "గుడాఫ్టర్నూన్ టీచర్," అన్నారు.

"ఇంతమందా!" అన్నారావిడ. "ఒక్క పరుగుకి ఇంత చెయ్యాలా నాయనా? నువ్వు కోప్పడతావనుకున్నాను."

సుకుమార్ తల్లి రెండు చేతులూ పట్టుకుని వెక్కివెక్కి ఏడ్చాడు.

"మరీ అంత సంతోషం పనికిరాదురా," అని ఆవిడ అతని కళ్లు తుడిచారు.

ఆ తర్వాత నిజం చెప్పే ధైర్యం ఎవరికీ లేకపోయింది. కుర్చీ వేసి కూర్చోబెట్టారు. తెచ్చిన దండలు వేశారు. ప్రసాదరావు గారు, 'ఉండేవారు' అని రాసుకున్న చోటల్లా 'ఉన్నారు' అని దిద్దుకుంటూ మొదటి పేజీ చదివారు. రెండోది మడిచి జేబులో పెట్టుకున్నారు.

"ఇంత ఐసెందుకురా జాకబ్?"

"మీ మోకాలికత్తా."

అప్పుడొచ్చాడు కృపావరం, సైకిలు మీద, చేతిలో కొలత టేపుతో. ఆ చుట్టుపక్కల శవపెట్టెలన్నీ అతను చేసినవే. ఆ సంగతి జీవరత్నం గారికి బాగా తెలుసు. ఆవిడ టేపు వంక చూశారు, ఐసు దిమ్మల వంక చూశారు, తన మెళ్లో తెల్లపూల దండ ఒకసారి ఎత్తి చూసుకున్నారు.

"ఇమ్మానుయేలు గారు ఫోన్లో ఏమన్నారురా?"

"నువ్వు పరుగు ముగించావన్నారమ్మా," అన్నాడు సుకుమార్ నేల చూస్తూ.

ఆవిడ దండ సర్దుకున్నారు. "వచ్చే నెల గుంటూరులో రాష్ట్రం పోటీలున్నాయి. లాంగ్‌జంప్‌కి కూడా పేరిచ్చొచ్చాను. వద్దంటావా?"

తల్లి లేకుండా నాలుగు గంటలు బతికి చూసిన సుకుమార్, "నేనే దగ్గరుండి తీసుకెళ్తానమ్మా," అన్నాడు.

"అయితే కృపావరం, పోయినేడు గెలిచినావిడ అయిదడుగులు దూకిందట. అదెంతుంటుందో నేల మీద కొలిచి చూపించు."

కృపావరం టేపు పరిచి అయిదడుగులకి గీత గీశాడు. అలవాటు కొద్దీ వెడల్పు కూడా రాసుకున్నాడు.